గౌరవ పౌరురాలు, పౌరసత్వం లేని జనం

పొందూరు ఖద్దరు అనగానే చాలామందికి సన్మాన సభలే గుర్తొస్తాయి. మంత్రికి సన్మానం, కవికి సన్మానం, రిటైరైన హెడ్మాస్టరుకి సన్మానం. కుర్చీలో కూచోబెట్టి భుజం మీద కండువా కప్పుతారు. ఫోటో తీస్తారు. ఆ కండువా వెనక ఎవరి చేతులున్నాయో వేదిక మీద ఎవరూ చెప్పరు. పునాస పత్తినీ కొండపత్తినీ వాలుగ చేప దవడ పళ్ళతో దువ్వి, గింజ తీసి, ఏకి, రాట్నం మీద వందో నంబరు నూలు వడికే ఆడవాళ్ళ చేతులవి. ఆ నూలు సంగతి విని గాంధీ తన కొడుకు దేవదాసుని చూసి రమ్మని ఇక్కడికి పంపాడు. 1949లో పొందూరులో ఖద్దరు సంఘం వెలిసింది. అప్పటినుంచి ఇప్పటిదాకా దేశంలో ఎవరెవరి భుజాల మీద ఈ బట్ట పడిందో లెక్క లేదు.

సన్మానపు కండువాకి ఒక గుణముంది. కప్పినవాడికీ పేరే, కప్పించుకున్నవాడికీ పేరే. కానీ దాన్ని చూపించి రేషను షాపులో బియ్యం అడగలేం. ఓటు వెయ్యలేం. పోలీసు ఆపి "నీదే దేశం?" అంటే అది జవాబు కాదు.

యూరప్ నగరాల్లోనూ ఇలాంటి కండువా ఒకటుంది. దాని పేరు గౌరవ పౌరసత్వం. ఒక రాజధాని నగరం తన మునిసిపల్ కౌన్సిల్లో తీర్మానం చేసి, ఎక్కడో వేరే దేశంలో ఉన్న మనిషిని "నువ్వు మా ఊరి మనిషివి" అని ప్రకటిస్తుంది. ఆ మనిషి అక్కడ ఇల్లు కట్టుకోనక్కర్లేదు, పన్ను కట్టనక్కర్లేదు. ఆ ఊరు కూడా ఆ మనిషికి అన్నం పెట్టనక్కర్లేదు. ఇద్దరికీ పేరు.

ఈ గౌరవ పౌరసత్వం గురించి ముస్లిం అస్తిత్వం మీద వచ్చే పుస్తకంలో ఎందుకు రాయాలి? పొందూరు నుంచి ఎందుకు మొదలుపెట్టాలి? రెండిటికీ జవాబు ఒకే ఊరి పేరు. ఆ ఊరిని ప్రపంచం రంగూన్ అంది. మా ఉత్తరాంధ్ర జనం రంగం అన్నారు.

ముందు పారిస్ సంగతి చెప్పాలి. మనిషికి హక్కులున్నాయని చాటిన ఫ్రెంచి విప్లవకాలంలో, 1792 ఆగస్టు 26న, అక్కడి శాసనసభ కొంతమంది విదేశీయులకు ఫ్రెంచి పౌరసత్వం ఇచ్చింది. అమెరికా నుంచి వాషింగ్టన్, ఇంగ్లండు నుంచి బానిస వ్యాపారానికి ఎదురు నిలిచిన విల్బర్‌ఫోర్స్, రెండు దేశాలకూ చెందిన థామస్ పెయిన్ ఆ జాబితాలో ఉన్నారు. మనుషుల హక్కుల గురించి పుస్తకం రాసిన పెయిన్‌ని పిలిచి సభ్యుణ్ణి కూడా చేశారు. ఏడాదిన్నర తిరక్కుండా, 1793 డిసెంబరులో, అదే పారిస్ అదే పెయిన్‌ని జైల్లో పెట్టింది. కారణం? అతను విదేశీయుడు! గౌరవంగా ఇచ్చిన పౌరసత్వం ఎంత బలమైనదో ఏడాదిన్నర లోపే తేలిపోయింది.

అదే పారిస్ నగరం 2004లో బర్మా నాయకురాలు ఆంగ్ సాన్ సూకీకి గౌరవ పౌరసత్వం ఇచ్చింది. అప్పటికి ఆమె గృహనిర్బంధంలో ఉంది. 1989 నుంచి సైనిక పాలకులు ఆమెను విడుస్తూ, బంధిస్తూ వచ్చారు. 1991లో నోబెల్ శాంతి బహుమతి వచ్చింది. ఆక్స్‌ఫర్డ్ 1997లోనే తన నగర గౌరవాన్నిచ్చింది. ఐర్లండు రాజధాని డబ్లిన్, స్కాట్లండు రాజధాని ఎడిన్‌బరో ఇచ్చాయి. 2007లో కెనడా దేశమే గౌరవ పౌరసత్వమిచ్చింది. మనదేశం నెహ్రూ పేరిట ఉన్న బహుమతినిచ్చింది. జైలుగోడల వెనకున్న ఒక ఆడమనిషికి ఇన్ని నగరాలు తోడు నిలబడ్డం మంచి పనే. దాన్ని వెక్కిరించే ఉద్దేశం నాకు లేదు. మేమూ ఆమెను మెచ్చుకున్నాం. మా ఇళ్ళలోనూ ఆమె ఫోటోలు పత్రికల్లోంచి కత్తిరించి దాచుకున్నవాళ్ళున్నారు.

తర్వాత సూకీ విడుదలైంది. 2015 ఎన్నికల్లో గెలిచి 2016లో ప్రభుత్వంలోకి వచ్చింది. 2017 ఆగస్టు 25న రోహింగ్యా మిలిటెంట్లు పోలీసు ఠాణాల మీద దాడి చేశారు. దాన్ని సాకుగా తీసుకుని బర్మా సైన్యం అరకాన్ ప్రాంతంలో ఊళ్ళకి ఊళ్ళే తగలబెట్టింది. కొన్ని నెలల్లో ఏడు లక్షల మందికి పైగా రోహింగ్యా ముస్లింలు నాఫ్ నది దాటి బంగ్లాదేశ్‌లో పడ్డారు. సూకీ ఆ సైన్యాన్ని ఖండించలేదు. 2019 డిసెంబరులో హేగ్‌లోని అంతర్జాతీయ న్యాయస్థానానికి స్వయంగా వెళ్ళి తన దేశం తరఫున వాదించింది.

అప్పుడు కండువాలు వెనక్కి లాగడం మొదలైంది. 2017 నవంబరులో ఆక్స్‌ఫర్డ్, డిసెంబరులో డబ్లిన్, 2018 ఆగస్టులో ఎడిన్‌బరో. ఆమె పేరున్న జాబితాలో తన పేరుండడం ఇష్టం లేక డబ్లిన్ గాయకుడు బాబ్ గెల్డాఫ్ తన నగర గౌరవాన్ని తానే తిరిగిచ్చేశాడు. 2018 అక్టోబరు నాటికి కెనడా పార్లమెంటు రెండు సభలూ గౌరవ పౌరసత్వాన్ని రద్దు చేశాయి. ఆ ఏడాది చివర పారిస్ కూడా తీసేసుకుంది. 2017 మేలో ఇచ్చిన లండన్ సిటీ 2020 మార్చిలో వెనక్కి తీసుకుంది.

సరే, న్యాయం జరిగింది అనుకుందామా? నా ప్రశ్న ఒకటే. పారిస్‌లో చేతులెత్తి ఓటేసిన రోజు సూకీ పోగొట్టుకున్నదేమిటి? ఆమె ఇల్లు పోలేదు. ఓటు పోలేదు. బర్మా పౌరురాలిగా ఆమె గులాబీ రంగు కార్డు ఆమె దగ్గరే ఉంది. కుటుపాలాంగ్ శిబిరంలో టార్పాలిన్ కింద ఉన్న రోహింగ్యా తల్లికి ఆ ఓటు వల్ల వచ్చిందేమిటి? ఏ కార్డూ రాలేదు. గౌరవ పౌరసత్వం ఇచ్చినా తీసుకున్నా ప్రపంచం మాట్లాడుకుంటుంది. అసలు పౌరసత్వం తీసుకుంటే చప్పుడే ఉండదు. అది గెజిట్లో జరుగుతుంది. సెక్షన్లలో, సబ్ సెక్షన్లలో జరుగుతుంది.

ఆ చప్పుడు లేని పని మా ఉత్తరాంధ్రకి ఒకసారి జరిగింది. మనం మర్చిపోయాం.

పొందూరులో రాట్నం దగ్గర కూచున్న ఒక ముసలమ్మని పలకరించినప్పుడు, నా పేరు విని, మాటల్లో మాటగా అంది: "మా పెదనాన్న రంగమెల్నాడు బాబూ, మరి రానేదు. మీవోల్లు కూడా ఎల్నారా?" వెళ్ళారమ్మా, మావోళ్ళూ వెళ్ళారు. మా దాదీ కూడా రంగం అనే అనేది. ఆ అమ్మ హిందువు, మా దాదీ ముసల్మాను. పోయినవాళ్ళని తలుచుకునేటప్పుడు ఇద్దరి నోటా వచ్చిన మాట ఒకటే.

పంతొమ్మిదో శతాబ్దం చివరినుంచి గంజాం, విశాఖపట్నం, గోదావరి జిల్లాల పేదలు ఓడలెక్కి బర్మా పోయారు. బారువ, కళింగపట్నం, భీమునిపట్నం, విశాఖ, కాకినాడ రేవుల్లో ఎక్కితే రంగంలో దిగేవారు. కరువుకి పోయారు, అప్పుకి పోయారు, కులం పెట్టే బాధ పడలేక పోయారు. రేవులో మూటలు మోశారు, బియ్యం మిల్లుల్లో పనిచేశారు, రిక్షాలు లాగారు, పాయిఖానాలు ఎత్తారు. కోరంగి రేవు పేరు మీద అక్కడ తెలుగువాళ్ళందరినీ కోరంగీలన్నారు. 1931 జనాభా లెక్కల్లో బర్మాలో భారతీయులు పది లక్షలు దాటారు. రంగూన్ నగరంలో సగం మందికి పైగా మనవాళ్ళే. బర్మా అప్పుడు బ్రిటిషిండియాలో ఒక రాష్ట్రం. మన కూలీ లెక్కలో అది పరదేశం కాదు, పని ఉన్న ఊరు, అంతే.

ఆ రంగంలోనే ఢిల్లీ చివరి బాదుషా బహదూర్ షా జఫర్ 1862 నవంబరు 7న బందీగా చనిపోయాడు. రాజధాని ఏలినవాడికీ, రేవులో మూట మోసినవాడికీ అక్కడి మట్టి ఒక్కటే దక్కింది.

1930 మే నెలలో రంగూన్ రేవులో తెలుగు కూలీలు సమ్మె చేశారు. ఓడల కంపెనీలు వాళ్ళ స్థానంలో బర్మా కూలీలను పెట్టాయి. సమ్మె తీరి తెలుగువాళ్ళు తిరిగి పనిలోకి రాగానే బర్మావాళ్ళని పొమ్మన్నారు. కంపెనీ ఆడిన ఆటకి కూలీలు కూలీల్ని చంపుకున్నారు. వందమందికి పైగా చనిపోయారు. చనిపోయినవాళ్ళలో ఎక్కువమంది తెలుగు కూలీలే. 1938 జూలైలో మళ్ళీ అల్లర్లు. ఈసారి ఒక ముస్లిం రాసిన పుస్తకాన్ని సాకు చేసి ముస్లింల మీద పడ్డారు. మసీదులు తగలబడ్డాయి. 1930లో మతం అడగలేదు, 1938లో అడిగారు. కానీ రెండుసార్లూ తరిమినవాళ్ళ నోట ఉన్న మాట ఒకటే - "కలా".

కలా అంటే పడమటి నుంచి వచ్చిన పరాయివాడు. నల్లవాడు అని తిట్టే అర్థం కూడా దానికి తోడైంది. ఆ మాట ఎక్కణ్ణుంచి వచ్చిందో పండితులు ఇంకా తేల్చలేదు. కళింగ అనే పేరు నుంచే వచ్చిందని చెప్పేవాళ్ళు వాళ్ళలో ఉన్నారు. ఆ మాటే నిజమైతే మన పరిస్థితి ఏమిటో ఆలోచించండి. కళింగం అంటే మనమే. ముఖలింగం ఈ జిల్లాలోనే ఉంది. కళింగపట్నం రేవు ఈ జిల్లాలోనే ఉంది. రోహింగ్యా ముస్లిం ఇంటికి నిప్పుపెడుతూ అరిచిన తిట్టు మన ఊరి పేరే కావచ్చు!

బర్మా చరిత్రలో ఇంకో పేజీ కూడా ఉంది. 1947 జూలై 19న సూకీ తండ్రి ఆంగ్ సాన్‌ని మంత్రివర్గ సమావేశంలో కాల్చి చంపారు. ఆ తూటాలకే ఆయన పక్కన యూ రజాక్ అనే మంత్రి కూడా బలైపోయాడు. తమిళ ముస్లిం తండ్రికీ బర్మా బౌద్ధ తల్లికీ పుట్టినవాడు. మాండలేలో జాతీయ పాఠశాల నడిపినవాడు. బర్మా స్వాతంత్ర్యం కోసం ప్రాణమిచ్చినవాళ్ళలో ఒక ముసల్మాను నెత్తురు ఆంగ్ సాన్ నెత్తురుతో కలిసే ఉంది. డెబ్భై ఏళ్ళ తర్వాత, 2017 జనవరి 29న, సూకీ పార్టీకి న్యాయ సలహాదారుగా ఉన్న ముస్లిం లాయరు కో నీని రంగూన్ విమానాశ్రయం బయట కాల్చి చంపారు. అప్పుడాయన చేతుల్లో మనవడున్నాడు. ఇంతకన్నా దేశభక్తి ఎవరు ఎట్లా రుజువు చేసుకోవాలి?

1948లో బర్మా స్వతంత్రమైంది. బయటినుంచి వచ్చినవాళ్ళు 1942కి గానీ స్వాతంత్ర్యానికి గానీ ముందు పదేళ్ళలో ఎనిమిదేళ్ళు అక్కడున్నట్టు చూపించి దరఖాస్తు పెట్టుకుంటే పౌరసత్వం ఇస్తామన్నారు. వినడానికి బాగానే ఉంది. 1941 డిసెంబరులో జపాన్ బాంబులు పడ్డప్పుడు లక్షలమంది అడవుల్లో నడిచి, దారిలో వేలమంది చచ్చిపోయి, మిగిలినవాళ్ళు ఇండియా చేరారు. యుద్ధమయ్యాక కొంతమంది తిరిగి వెళ్ళారు. వేలిముద్ర వేసే మూట కూలీ ఆ ఎనిమిదేళ్ళకి రుజువు ఎక్కణ్ణుంచి తెస్తాడు? మేస్త్రీ రాసుకున్న చిట్టా కూడా బాంబుల్లో కాలిపోయుంటే ఏం చూపిస్తాడు?

1962లో జనరల్ నేవిన్ సైన్యంతో గద్దెనెక్కాడు. దుకాణాలు, మిల్లులు జాతీయం చేశాడు. 1964 మేలో యాభై, వంద చ్యాట్ల నోట్లు చెల్లవన్నాడు. కూడబెట్టుకున్నది రాత్రికి రాత్రి కాగితమైంది. ఆ ఏళ్ళలో సుమారు మూడు లక్షలమంది భారతీయులు ఓడలెక్కి వచ్చేశారు. అలా దిగినవాళ్ళ కోసం విశాఖలో కంచరపాలెం దగ్గర వెలిసిందే బర్మా క్యాంపు. ఇప్పటికీ ఆ పేట పేరు అదే. అదే 1964లో ఆంగ్ సాన్ సూకీ ఢిల్లీలో లేడీ శ్రీరామ్ కాలేజీ నుంచి డిగ్రీ పుచ్చుకుంది. ఆమె తల్లి అప్పుడు మన దేశంలో బర్మా రాయబారి. చరిత్ర ఒకే ఏడాది ఒకరికి పట్టా ఇచ్చి, మూడు లక్షలమంది చేతిలో చెల్లని నోటు పెట్టింది.

రాకుండా ఉండిపోయిన తెలుగువాళ్ళు అక్కడ ఇంకా ఉన్నారు. వాళ్ళ మీదా, రోహింగ్యాల మీదా పడింది 1982 పౌరసత్వ చట్టం. 1823కి ముందు నుంచీ ఆ నేల మీదున్న జాతులే పూర్తి పౌరులు. 1824లో ఇంగ్లీషువాళ్ళు మొదటి బర్మా యుద్ధం మొదలుపెట్టారు కనక, వాళ్ళ వెంట వచ్చినవాళ్ళంతా పరాయివాళ్ళని ఆ గీత అర్థం. మనుషుల్ని మూడు రంగుల కార్డులుగా విడగొట్టారు. పూర్తి పౌరుడికి గులాబీ, సహ పౌరుడికి నీలం, తర్వాత పౌరసత్వం పొందినవాడికి ఆకుపచ్చ. రోహింగ్యాలను గుర్తించిన జాతుల జాబితాలో చేర్చనే లేదు. అరకాన్ రాజులు ముస్లిం బిరుదులు పెట్టుకుని కలిమా చెక్కిన నాణేలు ముద్రించిన సంగతీ, 1799లోనే ఫ్రాన్సిస్ బుకానన్ అనే బ్రిటిష్ ఉద్యోగి 'రూయింగా' అనే జనం గురించి రాసిన సంగతీ చట్టానికి పట్టలేదు. 2015లో వాళ్ళ దగ్గర మిగిలిన తెల్లకార్డులు కూడా రద్దయ్యాయి. సూకీ గెలిచిన ఎన్నికల్లో వాళ్ళకి ఓటు లేదు.

చూశారా, ఒకే చట్టం. ఆ చట్టం కింద కోరంగీ, రోహింగ్యా ఇద్దరూ 'తర్వాత వచ్చినవాళ్ళే'. తేడా ఒకటే. 1964లో కోరంగీకి తిరిగి దిగడానికి ఒక రేవుంది. దించుకోవడానికి ఒక ప్రభుత్వం ఉంది. రోహింగ్యాకి రేవు లేదు.

ఇప్పుడు మన ఇంటి సంగతి. 2019 డిసెంబరులో మన పౌరసత్వ చట్టాన్ని సవరించారు. పాకిస్థాన్, బంగ్లాదేశ్, అఫ్ఘానిస్థాన్ నుంచి 2014 చివరికి ముందు వచ్చిన హిందువులు, సిక్కులు, బౌద్ధులు, జైనులు, పార్సీలు, క్రైస్తవులకు దారి తెరిచారు. ఆ జాబితాలో ముస్లిం లేడు. ఆ దేశాల్లో బర్మా లేదు. అదే ఏడాది ఆగస్టులో అస్సాంలో తయారైన జాబితాలో పందొమ్మిది లక్షలమందికి చోటు దొరకలేదు. వాళ్ళలో హిందువులూ ఉన్నారు, ముస్లింలూ ఉన్నారు. తాత పేరులో ఒక అక్షరం తేడా, పుట్టిన ఏడాదిలో ఒక అంకె తేడా ఉన్నా కాగితం నిలబడదు. రంగం కూలీ దగ్గర అడిగిన రుజువే ఇదీ.

మా శ్రీకాకుళంలో ముసల్మానులం వేళ్ళ మీద లెక్కపెట్టేటంత మందిమి. కుతుబ్ షాహీల కాలంలో, తర్వాత నిజాం కాలంలో ఈ సర్కారుకి చికాకోలే రాజధాని. షేర్ మహమ్మద్ ఖాన్ కట్టించిన పదిహేడో శతాబ్దపు జామియా మసీదు ఇప్పటికీ ఉంది. అయినా క్రికెట్ మ్యాచి రోజున టీకొట్టు దగ్గర "మీ దేశం గెలుస్తుందా?" అన్న మాట నేను చిన్నప్పట్నుంచీ వింటూనే ఉన్నాను. నవ్వుతూ అంటారు. నేనూ నవ్వేవాణ్ణి. ఆ నవ్వు వెనక ఒక 1823 గీత ఉందని అప్పుడు తెలీదు. గీత గీసేవాడు ఎప్పుడూ తన తాత వచ్చిన తర్వాత, నా తాత రాకముందు గీస్తాడు.

లౌకికవాద మిత్రులకు ఒక మాట. మీరు మాకు కండువాలు కప్పుతున్నారు. అబుల్ కలాం ఆజాద్ పేరు చెప్పి, అబ్దుల్ కలాం పేరు చెప్పి, షెహనాయి, సితారు పేరు చెప్పి గౌరవిస్తున్నారు. సంతోషం. కానీ 'మంచి ముస్లిం' అన్న గౌరవ పౌరసత్వం మాకొద్దు. అది పారిస్ పౌరసత్వంలాంటిది. నడవడిక నచ్చినంతకాలం ఉంటుంది, నచ్చకపోతే తీర్మానం చేసి తీసేసుకుంటారు. మాక్కావలసింది మామూలు పౌరసత్వం. గొప్పవాళ్ళం కాకపోయినా, పాట రాకపోయినా, రాకెట్టు తయారుచెయ్యకపోయినా, మీతో గొడవపడినా మిగిలే పౌరసత్వం. పొందూరు అమ్మకి ఉన్నంత మామూలుగా.

మా వాళ్ళకి కూడా ఒక మాట. రోహింగ్యాల కోసం మసీదుల్లో చందాలు వేశాం. హైదరాబాదులో బాలాపూర్ గుడిసెల్లో తలదాచుకున్నవాళ్ళకి బియ్యం పంపాం. మంచిదే. కానీ వాళ్ళు కలిమా చదివినవాళ్ళు కనకే మనకి బాధ కలిగిందా? 1930లో రంగూన్ రేవులో చచ్చిన కోరంగీ హిందూ కూలీ కోసం మనం ఎప్పుడైనా ఫాతిహా చదివామా? అతను మన రేవులోనే ఓడెక్కాడు, మన భాషలోనే ఏడ్చాడు. అతణ్ణి మర్చిపోయిన మనం, రోహింగ్యాని మర్చిపోయిన పక్కింటివాణ్ణి ఏ మొహంతో అడుగుతాం? ఇది ఒక మతం గాయం అనుకున్నన్నాళ్ళూ మనం ఒంటరిగానే ఉంటాం. ఇది కాగితం లేని పేదవాడి గాయం అని చెప్పగలిగితే కళింగపట్నం నుంచి కాకినాడ దాకా ప్రతి ఇంటికీ అర్థమవుతుంది. ఎందుకంటే ప్రతి ఊళ్ళోనూ ఒక రంగం తాత ఉన్నాడు.

సూకీ కథ అక్కడితో ఆగలేదు. 2021 ఫిబ్రవరి 1న అదే సైన్యం ఆమెను మళ్ళీ బంధించింది. ఏ సైన్యం కోసం హేగ్‌లో వాదించిందో ఆ సైన్యమే. నాకు సంతోషం కలగలేదు. పరాయివాడని ఒకణ్ణి గీత అవతలికి తోసే సైన్యం, ఆ తర్వాత గీత ఇవతలున్నవాళ్ళనీ వదలదు. 1793లో పారిస్ జైల్లో పెయిన్‌కి తెలిసిందీ, 2021లో సూకీకి తెలిసిందీ అదే.

ఆ రోజు పొందూరులో లేచి వస్తుంటే ఆ అమ్మ మళ్ళీ అడిగింది: "రంగంలో ఉండిపోయినోల్లకి అక్కడ ఊరిచ్చినారా బాబూ?" ఊరు ఇవ్వడమంటే ఏమిటో ఆమెకి తెలుసు. కండువా కప్పడం కాదని కూడా తెలుసు. నా దగ్గర జవాబు లేదు. నీలం కార్డు సంగతి చెప్తే ఆమెకేం అర్థమవుతుంది? "ఇంకా ఇవ్వలేదమ్మా" అన్నాను.